కప్పరాళ్లతిప్ప అవ్వ కథను డాక్యుమెంటరీగా తీయడం ఎలా?

మీ ప్రశ్నను నాకు అర్థమైనట్టు ఒకసారి చెబుతాను. మీది ఎరుకల కుటుంబం, బ్రిటిష్ సర్కారు ‘నేరస్థ తెగ’ అని ముద్ర వేసిన జనాన్ని ఉంచిన, నెల్లూరు జిల్లా బిట్రగుంట దగ్గరి కప్పరాళ్లతిప్ప సెటిల్‌మెంటు నుంచి వచ్చింది. తొంభైకి దగ్గరపడిన మీ అవ్వ, చిన్నతనంలో తండ్రి వెంట పోలీసు హాజరుకు వెళ్లిన సంగతి అప్పుడప్పుడు ఎత్తుకుంటారు, సగంలో ఆపేస్తారు. ఆ కథను డాక్యుమెంటరీగా తీయాలని మీకుంది. చేతిలో ఫోను తప్ప మరేమీ లేదు. మానిన పుండును కెలకవద్దని మీ నాన్నగారు అంటున్నారు. అవ్వను ఏడిపించి సినిమా తీయడం తప్పవుతుందా, తీస్తే ఏమైనా ప్రయోజనం ఉంటుందా అని అడిగారు.

నేను ఒంగోలులో ఉంటాను. పెళ్లి వీడియోలతో మొదలుపెట్టి, డాక్యుమెంటరీలకు కెమెరా, ఎడిటింగు చేస్తూ తల నెరిసిన మనిషిని. ప్రకాశం, నెల్లూరు జిల్లాల్లో పోలీసు దెబ్బలు తిన్నవాళ్లనూ ఊరి పెద్దల చేతిలో నలిగినవాళ్లనూ కెమెరా ముందు కూర్చోబెట్టిన అనుభవంతో రాస్తున్నాను.

ఏడుపు గురించి మీరు మరీ ఎక్కువగా బెంగపడుతున్నారు. పెద్దవాళ్లు ఏడుస్తారు, కొంగుతో కళ్లు తుడుచుకుంటారు, కాసిని మంచినీళ్లు తాగి మళ్లీ చెబుతారు. నాకు భయం కలిగించేది మీ షూటింగులో మొదటి నిమిషం. ఫోనును స్టాండుకు బిగించి, అవ్వను గోడకు ఎదురుగా కుర్చీలో కూర్చోబెట్టి, ‘పేరు చెప్పవ్వా, మీ నాయన పేరు, ఏ ఊరు, ఎన్నేళ్లు’ అని అడుగుతారు. అందరూ అలాగే మొదలుపెడతారు. ఆమె తండ్రిని ఠాణాలో అడిగిన ప్రశ్నలూ అవే, దాదాపు అదే వరుసలో. ఫొటో, పేరు, తండ్రి పేరు, కులం, ఆనవాళ్లు, కింద వేలిముద్ర. అనుమతి పత్రం అంటూ చివర్లో మీరు కూడా వేలిముద్ర వేయించుకుంటే తతంగం సంపూర్ణమవుతుంది. మీ సినిమాకు నేను ఒకే ఒక్క షరతు పెడతాను: అది ఇంకో హాజరు పట్టీ కాకూడదు. కింద రాసేదంతా దాని వివరణే.

ముందు చరిత్ర కొంచెం, ఎందుకంటే షూటింగుకు ముందే మీకు తేదీలు కచ్చితంగా తెలిసి ఉండాలి. నేరస్థ తెగల చట్టం 1871లో ఉత్తర భారతంలో మొదలైంది. 1911లో దాన్ని తిరగరాసినప్పుడు మద్రాసు రాజధానికీ, అంటే అప్పటి ప్రెసిడెన్సీకీ, వచ్చింది. ఒక తెగను సర్కారు గెజిట్‌లో ప్రకటిస్తే చాలు. ఆ తెగలో పుట్టినవాడు ఏ నేరమూ చేయకపోయినా పేరు రిజిస్టరుకు ఎక్కించవచ్చు, వేలిముద్రలు తీసుకోవచ్చు, చెప్పిన వేళకు హాజరు ఇమ్మనవచ్చు. ఊరు దాటాలంటే పాసు చూపించాలి. ఆ ప్రకటన సరైనదా కాదా అని కోర్టులో అడిగే దారి కూడా మూసేశారు. మనుషులను సెటిల్‌మెంట్లలో ఉంచడానికీ, పిల్లలను తల్లిదండ్రుల నుంచి విడదీసి బడుల్లో పెట్టడానికీ ఆ చట్టం అధికారం ఇచ్చింది. నడిపే పనిని చాలాచోట్ల మిషనరీలకు అప్పగించారు. బాపట్ల దగ్గర స్టువర్టుపురం సాల్వేషన్ ఆర్మీ చేతిలో ఉండేది, కావలి వైపు అమెరికన్ బాప్టిస్టులు చూసుకునేవారు.

అంతకు ముందు ఎరుకలవాళ్లు ఎద్దుల మీద, గాడిదల మీద ఉప్పూ ధాన్యమూ వేసుకుని తీరానికీ మెట్ట ఊళ్లకూ మధ్య తిరిగిన వర్తకులు. ఉప్పు మీద సర్కారు పట్టు బిగిసింది, రైళ్లు వచ్చాయి, ఆ వ్యాపారం చితికిపోయింది. వ్యాపారం పోయాక కూడా తిరుగుతూ ఉన్నవాడు పోలీసు కళ్లకు అనుమానితుడయ్యాడు. మీ సినిమా ఇక్కడ మొదలైతే బాగుంటుందని నా సలహా. ఠాణాతో మొదలుపెడితే చూసేవాడి మనసులో దొంగతనం అన్న మాట ముందే వచ్చి కూర్చుంటుంది, తర్వాత మీరెంత చెప్పినా అది లేవదు. చినగంజాం నుంచి ఇస్కపల్లి దాకా ఉప్పు మడులు ఇప్పటికీ ఉన్నాయి. తెల్లవారగానే వెళ్లి తీసుకోండి.

ఇక రద్దు సంగతి. దేశమంతటా చట్టం రద్దయింది 1952 ఆగస్టు 31న. అందుకే అందరూ ఆ తేదీనే రాస్తారు, విముక్త జాతుల దినం అప్పుడే జరుపుతారు. కానీ అప్పట్లో మనం ఉన్నది మద్రాసు రాష్ట్రంలో. ఇక్కడ 1947లోనే రద్దు చేశారు. మరుసటి ఏడాదే, 1948లో, అలవాటు నేరస్థులను కట్టడి చేసే పేరుతో ఇంకో చట్టం తెచ్చారు. కాబట్టి మీ అవ్వ ‘నాకు పెళ్లయ్యాక కూడా పోలీసులు వచ్చి లెక్క చూసేవాళ్లు’ అంటే, వయసు మీద పడి తేదీలు కలగాపులగం చేస్తున్నదని కొట్టిపారేయకండి. ఆమె చెప్పేది కాగితం మీద ఉన్న రద్దు కంటే నిజానికి దగ్గరగా ఉండవచ్చు. సందేహం వచ్చిన చోట ఆమె మాటనూ కాగితంలోని తేదీనీ పక్కపక్కన చూపించండి. ఎవరిది తప్పో మీరు తేల్చనవసరం లేదు.

ఇప్పుడు నాన్నగారి అభ్యంతరం. పుండు మానిందని ఆయన అన్నది నిజమే అయి ఉంటే ఆయనకు అంత భయం ఉండేది కాదు. ఎక్కడో దొంగతనం జరిగితే పేపర్లలో ఆ ఊరి పేరే ముఠా పేరుగా అచ్చవుతుంది. హైదరాబాదులో, బెంగుళూరులో ఉద్యోగాలు చేసుకుంటున్న పిల్లలు సొంత ఊరు ఏదంటే కావలి అని చెప్పి ఊరుకుంటారు. పెళ్లి సంబంధాల దగ్గర కూడా ఆ మాట దాటేస్తారు. అవ్వకు జరిగింది గతం, ఆయన మోస్తున్నది ఇవాళ్టిది. ఆయనతో వాదించి గెలవాలని చూడకండి. ఏ మాట బయటికి వస్తే ఎవరికి నష్టమో ఆయనను అడిగి రాసుకోండి. ఎడిటింగులో ఆ కాగితం మీ బల్ల మీద ఉండాలి. ఇండోనేషియాలో 1965-66 హత్యాకాండ మీద జాషువా ఓపెన్‌హైమర్ తీసిన ‘ది యాక్ట్ ఆఫ్ కిల్లింగ్’ 2012లో వచ్చింది. దాని చివర పేర్లు చూడండి. స్థానిక సిబ్బందిలో చాలామంది, ఒక సహ దర్శకుడితో సహా, ‘అనామకుడు’ అనే ఉన్నారు. అంత పేరున్న సినిమాలోనే పేర్లు దాచాల్సి వచ్చింది. మీ చిన్నాన్న కొడుకు ముఖం చూపించకపోతే మీ సినిమాకు పోయేదేమీ లేదు.

అవ్వ దగ్గర ఎలా కూర్చోవాలో ఇప్పుడు చెబుతాను, నాకు తెలిసిన పని ఇదే. మొదటి కొన్ని రోజులు వీడియో వద్దు, ఆడియో మాత్రం తీసుకోండి. ఆమె రోజూ చేసే పని దగ్గరే కూర్చోండి. బియ్యం ఏరుతుంటే అక్కడ, ఈత ఆకు చీలుస్తుంటే అక్కడ. ‘అప్పుడు మీకెలా అనిపించింది’ అన్న ప్రశ్న అసలు అడగవద్దు. టీవీ వాళ్లు అడిగీ అడిగీ ఆ ప్రశ్నలో పస చచ్చిపోయింది, జవాబు కూడా టీవీలో విన్నదే వస్తుంది. ఎక్కడ, ఎంత దూరం, ఎవరి పక్కన, చేతిలో ఏముంది అని అడగండి.

కందుకూరు వైపు ఒక ఊళ్లో జరిగింది చెబుతాను. దొంగతనం అనుమానంతో ఠాణాలో కొన్నాళ్లు ఉంచి కొట్టిన ఒక పెద్దాయనను తీస్తున్నాం. వకీళ్లకూ విలేకరులకూ చెప్పీ చెప్పీ ఆయన కథ హరికథలా నున్నగా తయారైంది. ఎక్కడ ఆగాలో, ఎక్కడ గొంతు పెంచాలో కూడా కుదిరిపోయింది. వింటున్న మాకు ఏమీ అంటలేదు, చెబుతున్న ఆయనకూ అంటలేదు. మధ్యలో సౌండు చూసే కుర్రాడు, ‘తాతా, బల్ల గోడకు ఆనుకుని ఉందా, నడుమ ఉందా?’ అని అడిగాడు. ఆయన లేచాడు. వాకిట్లో అడుగులు లెక్కపెట్టుకుంటూ వెళ్లి, ఇదీ బల్ల, ఇదీ కిటికీ అని చూపించి, కిటికీ కింద గొంతుకు కూర్చుని రెండు చేతులూ తల మీద పెట్టుకున్నాడు. అలాగే ఉండిపోయి, కిందికి చూస్తూ, జమేదారు చెప్పుల మేకులు ఎన్ని ఊడిపోయాయో చెప్పాడు. పక్క గదిలో ఎవరో పప్పు తిరగమోత వేస్తున్న వాసన గురించి చెప్పాడు. ఏ అఫిడవిట్‌లోనూ లేని సంగతులు. మేము కెమెరా కదపలేదు, ముఖం మీదికి జూమ్ చేయలేదు. కాసేపటికి ఆయన భార్య బయటికి వచ్చి, ‘ఇక చాలు, లేవండి’ అంది. వెంటనే ఆపేశాం. అప్పటి నుంచి నా షూటింగుల్లో అదే పద్ధతి: ఆపమనే అధికారం మాటకారి దర్శకుడికి లొంగని మనిషి ఒకరి చేతిలో ముందే పెడతాను. మీ ఇంట్లో ఆ పని మీ అమ్మగారు చేయగలరేమో చూడండి.

శరీరం ఇలా గుర్తు పెట్టుకుంటుందని నాకంటే చాలా ముందే కనిపెట్టి సినిమాగా తీసినవాడు కంబోడియా దర్శకుడు రితీ పాన్. ఆ దేశాన్ని ఏలిన కమ్యూనిస్టు ముఠా ఖ్మేర్ రూజ్ కాలంలో పన్నెండు వేల మందికి పైగా బలైన ఎస్-21 జైలు మీద 2003లో ఆయన చిత్రం వచ్చింది. అందులో ఒక మాజీ కాపలాదారుడు ఖాళీ గది ముందు నిలబడి, అక్కడ లేని ఖైదీల మీద అరుస్తూ, గొళ్లెం తీస్తూ, తాను రోజూ చేసిన డ్యూటీ చేసి చూపిస్తాడు. నోటితో అడిగితే ‘పైవాళ్లు చెప్పారు, చేశాం’ అని తప్పించుకునే మనిషి చేతులతో మొత్తం చెప్పేస్తాడు. దీనికి ఎదురుగా ఇంకో దారి ఉంది. యూదుల హత్యాకాండ మీద 1985లో వచ్చిన తొమ్మిదిన్నర గంటల ‘షోవా’లో క్లాడ్ లాంజ్‌మన్ ఒక మంగలి షాపులో, నాజీల హత్యా శిబిరం ట్రెబ్లింకా నుంచి బతికి బయటపడ్డ మనిషి చేత జుట్టు కత్తిరిస్తూ మాట్లాడిస్తాడు. ఆయన గొంతు పట్టుకుపోయి ఆపేయమంటాడు. దర్శకుడు ఆపడు, చెప్పి తీరాలంటాడు. ఆ సన్నివేశాన్ని ప్రపంచమంతా పొగిడింది. నేను తలవంచుకుని చూశాను, మళ్లీ చూడాలనుకోలేదు. అది గొప్ప చిత్రమే, కాదనను. మీరు మాత్రం అవ్వతో అలా చేయకండి. ఆమె ఆపిన చోటే మీ షాటు కూడా ఆపి, ఆ సగం మాటను సగంగానే సినిమాలో ఉంచండి. ఆ రాత్రి ఆమెకు నిద్ర పట్టకపోయినా, అన్నం సహించకపోయినా వారం రోజులు పని పక్కన పెట్టండి. అవసరమైతే 14416కు ఫోను చేయండి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ లైను అది, తెలుగులో మాట్లాడతారు.

ఇప్పుడు హాజరు పట్టీనే కెమెరా ముందుకు తేవడం గురించి. నెల్లూరు జిల్లా అప్పట్లో మద్రాసు రాజధానిలోది కాబట్టి పాత జి.ఓ.లకు, అంటే సర్కారు ఉత్తర్వులకు, చెన్నై ఎగ్మోరులోని తమిళనాడు ఆర్కైవ్స్‌కు వెళ్లాలి. కాలేజీ నుంచి పరిచయ లేఖ పట్టుకెళ్లండి. బాప్టిస్టు మిషన్ పాత కాగితాల కోసం అమెరికాలోని అట్లాంటాలో ఉన్న అమెరికన్ బాప్టిస్టు చరిత్ర సంఘానికి రాసి అడగండి. అనంతశయనం అయ్యంగారు అధ్యక్షతన 1949-50లో ఈ చట్టం మీద విచారణ జరిపిన కమిటీ నివేదిక కూడా సంపాదించండి. వీటిలో మీ ఊరి గురించి, మీ జనం గురించి అధికారులు రాసిన వాక్యాలు దొరుకుతాయి. ఒక పేరాను తెలుగులోకి మార్చుకుని, అవ్వ దగ్గర కూర్చుని నెమ్మదిగా చదివి వినిపించండి. ఆమె వింటున్నప్పుడు తీయండి, జవాబు చెబుతున్నప్పుడు తీయండి. ఇన్నాళ్లూ రిజిస్టరు అడిగింది, మనిషి జవాబు చెప్పాడు. ఇప్పుడు తప్పులు పట్టే వంతు ఆమెది. నవ్వవచ్చు, తిట్టవచ్చు, ‘ఆ దొర మంచివాడే, బడి పెట్టించాడు’ అనీ అనవచ్చు. చివరిది వస్తే మీకు ఇబ్బందిగా ఉంటుంది, తీసేయాలనిపిస్తుంది. తీసేయకండి. పాసు అడిగిన చోటే బడి చదువూ దొరికింది. ఆ సెటిల్‌మెంట్లలో పెరిగినవాళ్లకు రెండూ ఒకే మనిషి చేతి నుంచి వచ్చాయి. ఒకటి ఉంచి ఒకటి కోసేస్తే, మీరూ ఆమె వాంగ్మూలాన్ని దిద్దిన లెక్కే అవుతుంది.

ఫొటోలు దాదాపు దొరకవు. దొరికినా మిషనరీలో, జాతుల వర్గీకరణకు వచ్చిన అధికారులో తీసినవే. వరుసగా నిలబెట్టి, కెమెరా వైపు చూడమని తీసినవి. వాటిని పూర్తి తెర మీద నింపకండి. అవ్వ చేతిలో పెట్టి, ఆమె చేతిలోనే చూపించండి. బొమ్మ లేని చోట రితీ పాన్ 2013లో మట్టి బొమ్మలు చేయించి కథ చెప్పాడు. మీ ఇంట్లో బుట్టలు అల్లే చేతులున్నాయి, వాకిట్లో ముగ్గుపిండి ఉంది. నలుగురు ముసలివాళ్లను పిలిచి, బడి ఎక్కడ, గేటు ఎక్కడ, హాజరు పిలిచే అరుగు ఎక్కడ అని నేల మీద గీయించండి. వాళ్లు ఒకరి గీతను ఒకరు చెరిపేస్తూ కొట్లాడుకుంటారు, మీకు కావలసిన సినిమా ఆ కొట్లాటలో ఉంది. నటులను పెట్టి పోలీసులు కొడుతున్నట్టు మాత్రం తీయవద్దు. ఖాకీ చొక్కా అద్దెకు తెచ్చి, లాఠీ ఊపించి, వెనక వయొలిన్ పెట్టిన వీడియోలు ఎన్ని చూశానో! ఒక్కటీ గుర్తు లేదు.

రిటైరైన పోలీసులు ఎవరైనా మాట్లాడతారా అని తప్పక ప్రయత్నించండి. కానీ అవ్వ చెప్పినదాన్ని ముందే వాళ్లకు చూపించి నిలదీయకండి. పాత రిజిస్టరు ఎలా ఉండేది, ఏ గడిలో ఏమి రాసేవారు అని అడగండి, పని గురించి అడిగితే మనిషి నోరు విప్పుతాడు. పెండింగు కేసుల గురించి, బతికున్న అధికారుల పేర్ల గురించి ఏ మాట వచ్చినా వకీలుకు చూపించాకే సినిమాలో పెట్టండి.

సాంకేతికంగా రెండే మాటలు. ఫోను బొమ్మ చాలు, ఫోను మైకు చాలదు. చొక్కాకు తగిలించే చిన్న మైకు కొనండి, సముద్రపు గాలికి దాని మీద బొచ్చు తొడుగు ఉండాలి. ఫ్యాను ఆపించండి. బిట్రగుంట మీదుగా రైళ్లు పోతూనే ఉంటాయి, ఆ శబ్దం వచ్చినప్పుడు అవ్వను ఆపమనకండి, ఆమె జీవితమంతా ఆ శబ్దంలోనే మాట్లాడింది. ఏ రోజు ఫుటేజీ ఆ రోజే రెండు డిస్కుల్లో వేసి, రెండో డిస్కు వేరే ఇంట్లో పెట్టండి.

ప్రయోజనం ఏమిటని అడిగారు. కారంచేడు తీసుకోండి. అప్పట్లో ప్రకాశం జిల్లాలో ఉండేది, ఇప్పుడు బాపట్లలో ఉంది. 1985 జూలై 17న అక్కడ ఆరుగురు మాదిగలను చంపారు. బాధితులు చీరాలకు తరలి వచ్చారు, దళిత మహాసభ పుట్టింది, పాటలు పుట్టాయి. సుప్రీంకోర్టు తీర్పు రావడానికి 2008 డిసెంబరు దాకా పట్టింది. అయినా ఆ బాధకు ఒక కేసు నంబరు ఉంది, ఒక తీర్పు ఉంది, ఏటా జనం గుమిగూడే తేదీ ఉంది. మీ అవ్వకు జరిగినదానికి వీటిలో ఏదీ లేదు, ఎందుకంటే జరిగిందంతా చట్టప్రకారమే జరిగింది. నిందితుడు లేని నేరం మీద ఏ కోర్టూ విచారణ జరపదు. అలాంటి చోట కెమెరాకు నిజంగా పని ఉంది. అహ్మదాబాదులో, అదే చట్టం కింద నేరస్థులని ముద్రపడ్డ ఛారా తెగ యువకులు 1998లో బుధన్ థియేటర్ పెట్టుకుని, కస్టడీలో చనిపోయిన బుధన్ సబర్ కథను నాటకంగా ఆడారు. వాళ్ల మీద 2011లో ఒక డాక్యుమెంటరీ కూడా వచ్చింది. పోలీసులు మారిపోయారని నేను చెప్పను. ఆ పిల్లలు ‘మేము ఫలానా’ అని వేదిక మీద ముఖం చూపించి చెప్పుకోవడం మాత్రం కళ్ల ముందు జరిగింది. ఇండోనేషియా అధ్యక్షుడు 1965-66 హత్యలతో సహా గతంలో జరిగిన ఘోరాలకు 2023 జనవరిలో విచారం ప్రకటించాడు. అది సినిమాల వల్లే జరిగిందని ఎవరైనా అంటే నేను నమ్మను. సినిమాలు లేకపోయినా జరిగేదని అన్నా నమ్మను.

మొదటి ప్రదర్శన సంగతి. రఫ్ కట్, అంటే తొలి కూర్పు, తయారవగానే అవ్వకూ నాన్నగారికీ ఇంట్లోనే చూపించండి, వద్దన్న ముక్క అక్కడికక్కడే కోసేయండి, ఎందుకు వద్దని అడగకండి. తర్వాత సెటిల్‌మెంటులో, చర్చి హాల్లోనో బడిలోనో, తెర కట్టి చూపించండి. ఫిల్మ్ ఫెస్టివల్ అయినా యూట్యూబ్ అయినా ఆ తర్వాతే. ఒకసారి నెట్‌లోకి వెళ్లినదాన్ని వెనక్కి తెచ్చుకోలేరు. అనుమతి పత్రంలో, సినిమా బయటికి వెళ్లేలోపు ఎప్పుడైనా మాట వెనక్కి తీసుకోవచ్చని తెలుగులో స్పష్టంగా రాయండి, చదివి వినిపించండి. సంతకం రానివాళ్ల చేత వేలిముద్ర వేయించకండి, వాళ్ల అంగీకారాన్ని వాళ్ల గొంతుతోనే రికార్డు చేసుకోండి.

ఈ వారం ఆడియోతో మొదలుపెట్టండి. మొదటి ప్రశ్న ఉప్పు గురించో, గాడిదల గురించో, వాళ్ల నాయన వండుకున్న కూర గురించో అడగండి. ఎగ్మోరు వెళ్లే ముందు నాకు రాయండి, ఏ శాఖ ఫైళ్లు అడిగి చూడాలో చెబుతాను.